గ్రహణానికో లెక్క, తిథికో లెక్క

తిరువళ్ళూరులో మా పైఅంతస్తులోకి కొత్తగా వచ్చినవాళ్ళ పాప ఈ సెలవుల్లో రోజంతా వామనగుంటలు ఆడుతోంది. చింతగింజలతో ఆడితే నాకు పట్టేది కాదు. ఆ పిల్ల గవ్వలతో ఆడుతోంది. చెక్క గుంటల్లో ఒక్కొక్క గవ్వా పడే చప్పుడు కప్పులోంచి మా వంటింట్లోకి దిగుతుంది. మొన్న ఆ చప్పుడు వింటూ, పొయ్యి మీద పాలు పొంగిపోతున్నా కదలకుండా నిలబడిపోయాను. మా ఆయన వచ్చి గ్యాస్ కట్టేసి, "పైకి పోయి ఆడొద్దని చెప్పి వచ్చేదా?" అన్నాడు. వద్దన్నాను. ఆ పాపకేం తెలుసు? ఆ చప్పుడు మధ్య కూర్చుని నేను తొమ్మిదేళ్ళు లెక్కలు నేర్చుకున్నాను. లోకంలో దానికంటే ఇష్టమైన చప్పుడు లేదనుకున్న రోజులున్నాయి. ఇప్పుడు వింటే ఎప్పుడు ఆగుతుందా అని చూస్తాను.

నాకు లెక్కలు నేర్పినవాడు కన్నయ్య నాయుడు. తిరుత్తణిలో మా వీధే, మా ఇంటికి నాలుగిళ్ళ అవతల. మా నాన్న ఆయన్ను బావా అని పిలిచేవాడు కాబట్టి నాకు మామ. ఊరందరికీ గవ్వల మామ. పగలు హైస్కూల్లో లెక్కల మాస్టారు, పొద్దునా సాయంత్రం ఇంట్లో పంచాంగం గణించేవాడు. చెప్పేవాడు కాదు, గణించేవాడు. ఆ తేడా తెలియకుండా ఎవరైనా "జోస్యం చెప్పండి సామీ" అని చెయ్యి చాపితే కసురుకునేవాడు. చెయ్యి చూసేవాళ్ళు బస్టాండు దగ్గర ఉంటారు, ఆడికి పొమ్మనేవాడు.

ఆయన పని చూడాలని నేను పదేళ్ళ వయసులో రోజూ గడప మీద కూర్చునేదాన్ని. నేల మీద సుద్దతో గీతలు గీసి, ఒకట్ల వరసలో కొన్ని గవ్వలు, పదుల వరసలో కొన్ని, అలా లక్షల దాకా పేర్చి, తీసి, మళ్ళీ పేర్చి, కలియుగం మొదలైనప్పటి నుంచి గడిచిన రోజులన్నిటినీ ఆ నేల మీద కూడి, తీసివేసేవాడు. చివరికి మిగిలిన అంకెను పట్టుకుని నోటితో ఒక చిన్న సంస్కృత వాక్యం అనేవాడు. చంద్రుడు ఏ రోజు ఎక్కడ ఉంటాడో ఆ అంకెలను పాతకాలం వాళ్ళు అక్షరాలుగా మార్చి వాక్యాలుగా కట్టారు. మొత్తం రెండు వందల నలభై ఎనిమిది. అవి కంఠతా వస్తే పుస్తకం అక్కర్లేదు, కాగితం అక్కర్లేదు. దాన్ని వాక్య గణితం అంటారు. దానికి పోటీగా, ఆకాశాన్ని నిజంగా చూసి సవరించుకున్న కొత్త లెక్క ఒకటుంది, మా వైపు దాన్ని తిరుక్కణితం అంటారు. ఈ రెండు లెక్కలకీ మధ్య కొన్ని రోజుల్లో ఐదారు గంటల తేడా వస్తుంది. నేను చెప్పబోయేదంతా ఆ ఐదారు గంటల గురించే.

మామ కొడుకులిద్దరూ ఆ గవ్వలను ముట్టలేదు. ఒకడు ఆవడిలో ఫ్యాక్టరీలో చేరాడు, రెండోవాడికి అసలు అంకెలంటేనే పడదు. గడప మీద కూర్చున్న నన్ను ఒకరోజు లోపలికి పిలిచి, పిడికెడు గవ్వలు చేతిలో పోశాడు. మా నాన్నకు నచ్చలేదు.

"ఆడబిడ్డకు ఇదంతా ఏంటికి బావా?"

"గవ్వకు ఆడా మొగా తెలీదులే బావా," అన్నాడు మామ, తలెత్తకుండానే.

రెండేళ్ళలో నాకు ఆ వాక్యాలన్నీ నోటికి వచ్చేశాయి. బడిలో నా ఈడు పిల్లలు ఎక్కాలు తప్పుతుంటే నేను లక్షల్లో తీసివేతలు చేసేదాన్ని. పొగరు కూడా వచ్చింది. పన్నెండో ఏట ఒకసారి నేను గణించిన నక్షత్రం అచ్చు పంచాంగంతో కలవలేదు. నా లెక్కలో ఎక్కడో పొరపాటు. వెతకడానికి బద్ధకమేసి, చివరి అంకెను పంచాంగంలో ఉన్నట్టు దిద్దేసి మామకు చూపించాను. ఆయన కాగితం వైపు చూసి, నా వైపు చూశాడు.

"ఈ అంకె యాడ నుంచి వచ్చింది?"

"నాకు వచ్చింది మామా."

"రాలేదు. నువ్వు తెచ్చినావు." కాగితం తిరిగి నా చేతికిచ్చాడు. "వచ్చిన అంకె వేరే, తెచ్చిన అంకె వేరే పాపా. తప్పు వస్తే తప్పే రాయి. దాని మీద ఒక గీత కొట్టు, కింద ఏముండిందో కనపడేటట్టు. రబ్బరు పెట్టి తుడిచినావంటే నా ఇంటికి రావద్దు."

అరవలేదు, కొట్టలేదు. మూడు రోజులు నన్ను గవ్వలు ముట్టనివ్వలేదు, అంతే. నేను ఆ మూడు రోజులూ అన్నం సరిగ్గా తినలేదు. అప్పటి నుంచి ఈరోజు వరకూ నేను దేన్నీ రబ్బరు పెట్టి తుడవలేదు. నా దగ్గర చదువుకునే పిల్లలకీ అదే చెబుతాను, ఒక్క గీత కొట్టి పక్కన రాయమని. తల్లిదండ్రులు మెచ్చుకుంటారు, టీచరమ్మ చాలా నిజాయితీ గల మనిషని.

పదిహేనేళ్ళప్పుడు సూర్యగ్రహణం వచ్చింది. మా వీధిలో ఆడవాళ్ళు ఇత్తడి తాంబాళంలో నీళ్ళు పోసి రోకలి నిలబెట్టారు. పిల్లలం పాత ఎక్స్‌రే ఫిల్ములు కళ్ళకు అడ్డం పెట్టుకుని ఆకాశం చూస్తూ నిలబడ్డాం. పట్టు ఎప్పుడు, విడుపు ఎప్పుడు అని మామ ముందే బలపంతో గోడ మీద రాసి పెట్టాడు. ఆయన రాసిన నిమిషానికే సూర్యుడి అంచు కొరికినట్టయింది. వీధంతా ఆయన వైపు తిరిగి దణ్ణం పెట్టింది. నాకు గర్వంతో ఒళ్ళు పులకరించింది. సాయంత్రం ఆ లెక్క నేనూ చేసి చూసుకుందామని వాక్యాలతో మొదలుపెట్టాను. ఎన్నిసార్లు చేసినా గంటల తేడా వస్తోంది. భయపడి, ఆయన గ్రహణం కాగితం తీసి చూశాను. అందులో వాక్యమే లేదు. మొదటి వరస నుంచి చివరి వరస దాకా కొత్త లెక్క.

"మామా, గ్రహణానికి మీరు తిరుక్కణితం వాడినారే!"

"ఆమా. అందరూ అంతే చేస్తారు."

"మరి తిథికీ నక్షత్రానికీ వాక్యం ఏంటికి? చంద్రుడు ఒకడే గదా?"

ఆయన గవ్వలు సంచిలో వేసుకున్నాడు. తర్వాత ఎంతో మామూలుగా అన్నాడు: "గ్రహణాన్ని జనం కండ్లతో చూస్తారు పాపా. తిథిని ఎవురు చూస్తారు?"

నేను నవ్వాను. అప్పుడది నాకు గడుసు జవాబులాగే తోచింది. ఆయన నవ్వలేదు. "మా గురువు చెప్పిన లెక్క అది. ఆయనకు వాళ్ళ గురువు. నేను ఈడ నిలబడి వాళ్ళందరికీ తప్పు పట్టలేను," అన్నాడు. జనం చూసే చోట నిజం, చూడని చోట నమ్మకం. ఇంత పెద్ద సంగతిని ఆయన ఎంత సులభంగా చెప్పాడో, నేను ఎంత సులభంగా మింగేశానో ఇప్పుడు తలుచుకుంటే ఇద్దరి మీదా ఒకేలా కోపం వస్తుంది.

ఆయన చేసిన మేలు కూడా రాయాలి. లేకపోతే అది తెచ్చిన లెక్క అవుతుంది. ప్లస్ టూ కాగానే మా నాన్న నాకు సంబంధాలు చూడడం మొదలుపెడితే, మామ మూడు రోజులు వరసగా మా ఇంటికి వచ్చి కూర్చున్నాడు. కాలేజీలో బి.ఎస్సీ. లెక్కలకు దరఖాస్తు తనే తెచ్చి, తనే నింపి, మా నాన్న చేత సంతకం పెట్టించాడు. ఈరోజు నేను తిరువళ్ళూరులో ఒక బడిలో లెక్కల టీచరునంటే, సొంత ఇంట్లో నా మాటకు విలువ ఉందంటే, దానికి మొదటి కారణం ఆయనే. ఈ మాట నేను ఎంత కోపంలోనూ కాదనలేను.

ఇక జయ సంగతి. జయ నా చెల్లెలు, నాకన్నా ఏడేళ్ళు చిన్నది. దాన్ని తిరువళ్ళూరులోనే ఒక వ్యాపారస్థుల ఇంటికి ఇచ్చాం. మంచివాళ్ళు. జయను ఒక్క మాట అన్నది లేదు. కానీ పంచాంగం చూడకుండా ఆ ఇంట్లో కొత్త చీపురు కూడా కొనరు, అదీ వాక్య పంచాంగమే, దాని మీద గవ్వల మామ మాట. పద్దెనిమిదేళ్ళ కిందట జయకు తొలికాన్పు. పొద్దున నొప్పులు మొదలైతే నర్సింగ్ హోముకు తీసుకొచ్చారు. నేను బడికి సెలవు పెట్టి వెళ్ళాను. పదకొండు గంటలకు డాక్టరమ్మ బయటికి వచ్చి, బిడ్డ గుండె మధ్యమధ్య నెమ్మదిస్తోంది, మళ్ళీ సర్దుకుంటోంది, ఇంకా ఆగడం మంచిది కాదు, పన్నెండు లోపల ఆపరేషన్ చేసేద్దాం, సంతకం పెట్టండి అంది.

జయ అత్తగారు బెంచీ మీద నుంచి లేచింది. "ఈ పొద్దు మూల గదమ్మా!"

మూలా నక్షత్రంలో బిడ్డ పుడితే ఇంటి పెద్దకు గండమని వాళ్ళ నమ్మకం. ఇంటి పెద్ద అంటే జయ మామగారు. ఆయన అక్కడే స్తంభానికి ఆనుకుని నిలబడి ఉన్నాడు. జయ భర్త వాళ్ళమ్మ మొహం చూశాడు.

"గవ్వల మామకు ఫోన్ చేసి అడగమ్మా," అంది అత్తగారు నాతో. "మూల ఎప్పుడు పోతాదో ఆయన్నే అడుగు. ఆయన ఇప్పుడే అంటే ఇప్పుడే సంతకం పెడతాము. మాకు ఇంకెవురి మాటా వద్దు."

ఆ మాట ఆమె మనస్ఫూర్తిగానే అంది. ఆయన ఇప్పుడే అని ఉంటే ఆ క్షణమే సంతకం పడేది. నాకు రెండు లెక్కలూ తెలుసు. జయకు నెలలు నిండాయని ముందు రోజే చేసి చూసుకున్నాను కూడా. కొత్త లెక్కలో మూల పొద్దున పదీ యాభైకే వెళ్ళిపోయింది. వాక్యంలో సాయంత్రం నాలుగున్నర దాకా ఉంది. నేను సెల్‌ఫోన్ తీసుకుని వరండా చివరికి, కిటికీ దగ్గరకు వెళ్ళాను. మామ ఎత్తాడు. అంతా చెప్పాను. డాక్టరమ్మ ఆగొద్దంటోందని రెండుసార్లు చెప్పాను.

"నాలుగున్నర దాకా మూల ఉంది పాపా," అన్నాడు.

"కొత్త లెక్కలో పోయింది మామా. పదీ యాభైకే పోయింది."

"అది వేరే లెక్క."

"గ్రహణానికి మీరు చేసే లెక్కే గదా మామా! ఒక్కసారి, ఈ ఒక్కసారికి..."

ఆయన ఊపిరి వినపడుతోంది. "నాకు వచ్చింది నేను చెప్పినాను," అన్నాడు చివరికి. "ఆడుండే వాళ్ళకు చెప్పేది నువ్వు." ఫోన్ పెట్టేశాడు.

కిటికీ దగ్గర నుంచి ఆ బెంచీ దాకా ముప్పై అడుగులు ఉండవచ్చు. అంత దూరమూ నా నోటిలో రెండు అంకెలు ఉన్నాయి. వాళ్ళెవ్వరూ మామ గొంతు వినలేదు. నేను ఏది చెబితే అదే ఆయన మాట. "పోయిందంట, ఇప్పుడే చేసుకోమన్నాడు" అంటే చాలు. కొత్త లెక్క ప్రకారం అది అబద్ధం కూడా కాదు. అత్తగారు నా మొహంలోకి చూస్తూ, "ఏమన్నాడమ్మా?" అంది.

"నాలుగున్నర," అన్నాను.

డాక్టరమ్మ కోప్పడింది. వాళ్ళు ఆగుతామని రాసిచ్చారు. నేను కూడా పోట్లాడాను, పెద్దగానే అరిచాను, అయితే నాలుగున్నర అని చెప్పేశాక అరుపులకు ఏం విలువ? మూడు గంటలకు బిడ్డ గుండె పూర్తిగా పడిపోయింది. డాక్టరమ్మ ఇక ఎవరినీ అడగలేదు, జయను లోపలికి తోసుకుపోయింది. మూడూ ఇరవైకి మగబిడ్డ పుట్టాడు. ఏడవలేదు. ఎంతోసేపటికి గానీ ఊపిరి అందలేదు. వాళ్ళ పాత లెక్కలోనే చూసినా వాడు మూలలోనే పుట్టాడు. ఇంటి పెద్దకు ఏమీ కాలేదు. ఎనభై దాటాయి, ఇప్పటికీ పొద్దున ఆరు ఇడ్లీలు తింటాడు.

వాడి పేరు గోకుల్. పద్దెనిమిదేళ్ళ వాడు. మెడ నిలబడదు, మాట లేదు, మింగడం కూడా మనం నేర్పాలి. జయ వాడిని మంచం మీద నుంచి కుర్చీలోకి ఎత్తుతుంది, కుర్చీలో నుంచి స్నానాలగదికి ఎత్తుతుంది. మీసాలు వచ్చాయి, వారానికి ఒకసారి అదే గీస్తుంది. నడుము నొప్పికి పట్టీ కట్టుకుంటుంది. ఆరోజు నేనేం చెప్పానో జయ ఎప్పుడూ అడగలేదు. గవ్వల మామ నాలుగున్నర అన్నాడట, అంతవరకే దానికి తెలుసు. ఆయన పేరెత్తితే లేచి వెళ్ళిపోతుంది. నన్ను మాత్రం అక్కా అని చేయి పట్టుకుని కూర్చోబెట్టుకుంటుంది.

మామ ఆసుపత్రికి రాలేదు, ఇంటికీ రాలేదు. నేనూ వెళ్ళలేదు. నాలుగేళ్ళ తర్వాత ఆయనకు ఒంట్లో బాగాలేదని, నన్ను చూడాలంటున్నాడని మామ భార్య కబురు చేస్తే తిరుత్తణి వెళ్ళాను. మంచం మీద చిక్కిపోయి ఉన్నాడు. దిండు కింద నుంచి ఒక కాగితం తీశాడు. మడతల దగ్గర చిరిగిపోతోంది. ఆ రోజు లెక్క.

"చూడు పాపా. నేను చానాసార్లు చూసినాను. నా కండ్లు సరిలేవు. యాడో తప్పు ఉంటాది."

గంటసేపు చూశాను. ప్రతి వరసా, ప్రతి తీసివేతా. ఆయన నా వేలి వెంబడే కళ్ళు తిప్పుతూ పడుకున్నాడు. ఆయనకు ఏం కావాలో నాకు అర్థమవుతూనే ఉంది. ఒక్క కూడిక తప్పి ఉంటే చాలు. అది ముసలివాడి చేతి పొరపాటు అవుతుంది, గురువుల లెక్క గట్టిగానే నిలబడుతుంది. ఆయన దేవుడు ఆయనకు మిగులుతాడు.

"తప్పు లేదు మామా," అన్నాను.

"సరిగ్గా చూడు."

"చూసినాను. ఒక్క తప్పు లేదు."

ఆయన కళ్ళు మూసుకున్నాడు. అలాగే అడిగాడు: "ఆ పొద్దు వాళ్ళకు ఏం చెప్పినావు?"

"మీరు చెప్పిందే చెప్పినాను."

"నాలుగున్నరనా?"

"ఆమా."

"నువ్వు వేరే చెప్తావనుకొన్నా పాపా," అన్నాడు. "నా నోటితో నేను చెప్పలేను. నువ్వు చెప్తావులే అనుకొనే గదా, చెప్పేది నువ్వని వదిలినాను."

నాకు ఒళ్ళు మండిపోయింది. తన చేతికి మసి అంటకుండా చూసుకుని, దాన్ని నా చేతిలో పెట్టాలనుకున్నాడన్న మాట. "వచ్చిన అంకె వేరే, తెచ్చిన అంకె వేరే అని నాకు నేర్పింది ఎవురు మామా?" అన్నాను. జబ్బుమనిషి అని కూడా చూడలేదు. ఆయన గోడ వైపు తిరిగి పడుకున్నాడు. నేను కాగితాన్ని మడిచి దిండు కింద పెట్టి వచ్చేశాను. రెండు నెలలకు పోయాడు. బడిలో పరీక్షలున్నాయని చెప్పి నేను వెళ్ళలేదు. పరీక్షలేమీ లేవు.

ఇన్నేళ్ళూ ఆయన్ను తిట్టుకున్నాను. చూడగలిగే దానికి ఒక లెక్క, చూడలేని దానికి ఒక లెక్క పెట్టుకున్న మనిషి అని, పిరికివాడని. కానీ ఆయన కనీసం తనకు నమ్మకం ఉన్న అంకె చెప్పాడు. నాకు ఆ నాలుగున్నర మీద నమ్మకం లేదు. పదిహేనో ఏట నుంచీ లేదు. నమ్మకం లేని అంకెను, నాకు అప్పగించారన్న ఒక్క కారణానికి, ఒక అంకె కూడా మారకుండా తెచ్చి అప్పజెప్పాను. దాన్ని నిజాయితీ అనుకున్నాను. ఈ సంగతి జయకు ఇంతవరకూ చెప్పలేదు. జయ బడిలో చేరేనాటికి మా స్కూల్లో తెలుగు సెక్షన్ ఎత్తేశారు. అది తమిళంలో చదువుకుంది, దానికి తెలుగు అక్షరాలు రావు. ఇది తెలుగులో రాస్తున్నది అందుకే. నా ధైర్యం అంతవరకే.

గవ్వల మామ శిష్యురాలినని ఇప్పటికీ నా దగ్గరకు ముహూర్తాలు అడగడానికి వస్తారు. పోయినవారం పాండూరు నుంచి ఒకావిడ వచ్చింది. కూతురికి నెలలు నిండాయి, మర్నాడు ఆపరేషన్ అట.

"డాక్టరు ఎన్ని గంటలకనింది?" అని అడిగాను.

"పొద్దున తొమ్మిదికమ్మా. రేపు అష్టమి గదా, భయంగా ఉండాది. మధ్యాన్నానికి మార్చుకోమని చెప్పేదా? కొంచెం లెక్క చూసి చెప్పండి."

"తొమ్మిదే మంచిది," అన్నాను. "అంతకన్నా మంచి గడియ లేదు. నిమిషం కూడా ఆగొద్దండి."

ఆవిడ రెండు చేతులూ ఎత్తి దణ్ణం పెట్టింది. మెట్లు దిగుతూనే ఫోన్‌లో ఎవరికో సంతోషంగా చెబుతోంది, తొమ్మిదికే చేసేయమన్నారని. నేను పంచాంగం తెరవలేదు, ఒక్క అంకె కూడా వేసి చూడలేదు. అంత చిన్న మాట. నోరు తెరిస్తే వచ్చేసింది. జయ బిడ్డ కోసం అది చెప్పలేకపోయాను.